బేగం తోటలో బేస్తవారం

గేటుకు అడ్డంగా ఉన్న ఇనుప కమ్మీ, గేటు కాపలా చూసే సోమక్కకు రొమ్ము ఎత్తున ఉంటుంది. బేస్తవారం మధ్యాహ్నం తల్లుల వెంట వచ్చే మగపిల్లలను ఆమె ఒక్కొక్కరినే ఆ కమ్మీ కింద నిలబెడుతుంది. తల తగలకుంటే లోపలికి పోవచ్చు. తగిలితే బయటే.

"పోయినవారం పోనిచ్చినావు గదక్కా," అని బతిమాలింది ఒక తల్లి.

"వారంలో పెరిగినాడు. పెరగనీ, మంచిదే. ఇంటికి తోలు," అంది సోమక్క.

కర్నూలు అంచున, హంద్రీ ఒడ్డున, ఎత్తయిన రాతిగోడల నడుమ ఉంటుంది ఆ తోట. నవాబుల కాలంలో జనానా కోసం వేయించిందని చెబుతారు. నాలుగు పలకలుగా విడదీసిన నేల, మధ్యలో పన్నెండు వాకిళ్ళ మంటపం, అక్కడినుంచి నలుదిక్కులకూ పోయే రాతి కాలువలు. ఆ కాలువల్లో నీళ్ళు పారగా చూసినవాళ్ళు ఇప్పుడెవరూ లేరు. తోటను లీజుకు తీసుకున్న భూపేష్ పచ్చిక పరిపించాడు. ప్లాస్టిక్ జింకలు నిలబెట్టాడు. రంగుదీపాల ఫౌంటెన్, పిల్లల రైలు తెప్పించాడు. సాయంత్రమైతే సగం ఊరు అక్కడే ఉంటుంది.

బేస్తవారం మధ్యాహ్నం నుంచి దీపాలు వెలిగేదాకా మాత్రం లోపల ఆడవాళ్ళే. ఆ కట్టుబాటు భూపేష్ పెట్టింది కాదు. తలమీద ముసుగు లేకుండా ఆకాశం కింద నడవాలని ఒక బేగం అడిగితే, నవాబు వారానికి ఒక పూట ఆమెకు తోటను వదిలేశాడనీ, ఆ పూట తానుకూడా గేటు దాటలేదనీ పాతబస్తీ ముసలమ్మలు చెబుతారు. నవాబులు పోయారు, దొరలు వచ్చారు, మునిసిపాలిటీ వచ్చింది. ఆ ఒక్క పూటను తీసెయ్యాలని ఎవరికీ తోచలేదు.

దానికి సోమక్క తనంతట తానే ఒక నియమం చేర్చింది. ఫోన్లు గేటు దగ్గర వెదురుబుట్టలో పెట్టి పోవాలి. బురఖాలు తీసి కొమ్మలకు తగిలించి, కొంగులు నడుముకు చుట్టి ఉయ్యాలలూగుతున్న ఆడవాళ్ళ ఫొటోలు ఒకసారి ఊరంతా తిరిగాయి. ఆ ఫొటోల్లో ఉన్న ఇద్దరు ఆడపిల్లలకు ఇళ్ళల్లో చదువు మాన్పించారు. అప్పటినుంచి బుట్ట.

ఆ రోజు కృష్ణవేణమ్మ కోడలితో వచ్చింది. కోయిలకుంట్ల దగ్గర పొలాలు, పట్నంలో రెండంతస్తుల ఇల్లు ఉన్న మనిషి. సోమక్క గేటు కాడికి రాకముందు నుంచీ ఆమె ఏ బేస్తవారమూ తప్పలేదు. కారు దిగి, డ్రైవరుకు చెట్టునీడ చూపించి, జామకాయల సంచి చేత్తో పట్టుకుని నేరుగా మంటపం వైపు నడిచింది.

కోడలు సుప్రజ గేటు దగ్గరే ఆగిపోయింది. ఎండ పెనం మాదిరి కాలుతున్నా మణికట్టు దాకా చేతులున్న జాకెట్టు వేసుకుంది. ఫోను బుట్ట మీదికి చాపి, మళ్ళీ వెనక్కు తీసుకుంది.

"అక్కా, ఇది మోగితే నన్ను పిలుస్తావా?"

"ఈడ ఎవురి ఫోనూ ఎత్తేదానికి ల్యా పాప. మోగితే మోగనీ. నువ్వు పోయి ఊగు."

సుప్రజ ఇంకేదో అనబోయి, నవ్వి, ఫోను బుట్టలో పెట్టింది.

కాసేపటికి అది మోగింది. తెర మీద నవీన్ అని పేరు. ఆగి, మళ్ళీ మోగింది. మళ్ళీ. పక్కన కనకాంబరం మడికి పాదులు తీస్తున్న ప్రసన్నకుమారి పార ఆపి తలెత్తింది. "పాపం ఎవురికో తొందర ఉన్నెట్లుండాది. పిలిచేది గదా సోమక్కా."

"ఒకదానికి పిలిస్తే అందరికీ పిలవాల," అని సోమక్క ఫోనును బోర్లించి, దాని మీద తన తువ్వాలు కప్పింది. తువ్వాలు కిందనుంచి కూడా అది గుర్రుమంటూనే ఉంది. లోపల చింతచెట్టు కింద సుప్రజ ఉయ్యాల ఎక్కింది. వెనకనుంచి ఎవరో ఆడపిల్ల తోస్తుంటే జడ గాలికి లేచి వీపున పడుతోంది.

ఫోను ఆగిన కొంతసేపటికి తెల్లకారు ఒకటి గేటుకు రాసుకునేటంత దగ్గరగా వచ్చి ఆగింది.

దిగినవాడు కృష్ణవేణమ్మ కొడుకు నవీన్. చొక్కా ఇస్త్రీ నలగలేదు. చెట్టుకింద ఉన్న డ్రైవరు అతణ్ణి చూసి పరుగెత్తుకొచ్చాడు.

"సుప్రజ యాడుంది?"

"లోపల ఉండాదప్పా. ఈపొద్దు బేస్తవారం. మొగోళ్ళు పోయేదానికి ల్యా. ఈడే ఉండు, నేను పిల్చుకొస్తా," అంది సోమక్క.

"పక్కకు జరుగు."

"పిలుస్తా అంటాండా గదప్పా. ఆడోళ్ళు ముసుగుల్లేకుండా ఉంటారు లోపల."

అతను కమ్మీని ఎత్తబోయాడు. సోమక్క రెండుచేతులా దాన్ని పట్టుకుంది. అతను కమ్మీని వదిలేసి గేటు రెక్కను పట్టుకుని, ఒక్కసారి వెనక్కు లాగి, బలమంతా పెట్టి మూశాడు. సోమక్క కుడిచెయ్యి రెక్కకూ రాతిస్తంభానికీ మధ్య ఉంది. లోపల ఎండుపుల్ల విరిగినట్టు చప్పుడు ఆమెకే వినబడింది. కేక రాలేదు. కళ్ళముందు తెల్లగా అయి, మోకాళ్ళ మీద కూలబడింది. అతను రెక్కను మళ్ళీ తోసి, కమ్మీ ఎత్తి, ఆమె భుజం మీదుగా కాలు దాటించి లోపలికి పోయాడు.

లోపల అరుపులు లేచాయి. ఆడవాళ్ళు కొమ్మల మీది బురఖాల కోసం పరుగెత్తారు. కొందరు చెట్ల మాటుకు పోయారు. స్నానం చేస్తున్నవాళ్ళ మీదికి తలుపు తీసినట్టు ఎవరికి చిక్కిన గుడ్డ వాళ్ళు చుట్టుకున్నారు. సుప్రజ ఉయ్యాల ఆపుకోవాలని కాళ్ళు నేలకు తన్నిపెడుతోంది. అతను ఉయ్యాల తాడు పట్టి గుంజాడు. ఆమె ముందుకు పడింది. గడ్డం రాతి కాలువ అంచుకు కొట్టుకుంది. లేవకముందే జడ అతని పిడికిట్లో ఉంది.

"ఎన్నిసార్లు ఫోన్ చేసినా? ఎన్నిసార్లు?"

ప్రతిమాటకూ ఒక దెబ్బ. తర్వాత మాటలు ఆగిపోయి దెబ్బలు మాత్రమే పడ్డాయి. చెంపమీద, వీపుమీద, మోకాళ్ళ మీదికి లేవబోతే పక్కటెముకల్లో బూటుకాలితో. ఆమె రెండుచేతులూ తలమీద పెట్టుకుని ముడుచుకుపోయింది. అరవలేదు. అరిస్తే ఎక్కువవుతుందని తెలిసినదాని మాదిరి ఉంది ఆ ముడుచుకోవడం. అతను జడ పట్టుకుని కాలువ పొడుగునా గేటు వైపు ఈడ్చాడు. ఎండిపోయిన రాయిమీద నెత్తురు చారగా సాగింది.

తోటనిండా ఆడవాళ్ళు. ఎవరూ కదల్లేదు. ప్రసన్నకుమారి ఒక్కతే పార పట్టుకుని రెండడుగులు వేసింది. డ్రైవరు ఎదురొచ్చి ఆమె రొమ్ముమీద చెయ్యి పెట్టి తోశాడు. ఆమె మడిలో వెల్లకిలా పడింది.

సోమక్క గేటు దగ్గర కూర్చుని, విరిగిన చేతిని ఒడిలో పెట్టుకుని, మంటపం వైపు చూసింది. కృష్ణవేణమ్మ ఒళ్ళో సగం కోసిన జామకాయ ఉంది. కత్తి దాంట్లోనే దిగబడి ఉంది. ఆమె లేచింది. పరుగెత్తలేదు. కొడుకును పిలవలేదు. ఉయ్యాల కిందికి నడిచి, అక్కడ పడివున్న కోడలి చెప్పుల జత వంగి తీసుకుని, వాటిని దులిపి, చేత్తో పట్టుకుని కారు వైపు వెళ్ళింది. గేటు దగ్గర సోమక్కను దాటేటప్పుడు చీర కుచ్చిళ్ళు పైకి పట్టుకుంది.

*

ప్రభుత్వాసుపత్రిలో కట్టు వేశారు. మణికట్టు పైన రెండుచోట్ల విరిగిందన్నారు. మరునాడు పొద్దున వార్డు బయట బల్లమీద సోమక్క, ప్రసన్నకుమారి కూర్చుని ఉంటే భూపేష్ వచ్చాడు. చేతిలో ఆపిల్ పండ్ల కవరు.

"ఎట్లుంది సోమక్కా?"

"ఉండాదప్పా."

అతను కవరు బల్లమీద పెట్టి, గొంతు తగ్గించాడు. "పోలీసులు అడిగితే గాలికి గేటు పడిందని చెప్పు. నవీన్ వాళ్ళ చిన్నాయన లీడరు. రేపు లీజు మళ్ళీ రాయాలంటే ఆయన మాటే కావాల. నీకు తెలీనిదేముంది?"

"గాలి యాడుందప్పా? నిన్న ఆకు కదల్లా."

"అది నీకు ఎందుకు? చెప్పమన్నది చెప్పు." ఆమె కట్టువైపు చూసి, చూపు తిప్పుకున్నాడు. "ఇంకోమాట. బేస్తవారం ఆడోళ్ళ పూట ఇంక లేదు. ఇట్లాంటి గలాటాలు నాకెందుకు? వచ్చేవారం నుంచి అందరికీ తీస్తాండా. పాటలు పెట్టిస్తా, రెయిన్ డాన్స్ పెట్టిస్తా. నువ్వు చెయ్యి నయమైనాంక ఊడ్చేదానికి రా. గేటుకు మొగోళ్ళను పెట్టుకుంటా."

"ఆ పాప ఎట్లుందప్పా?"

"ఏ పాప?"

"కొట్టించుకున్న పాప."

"అది వాళ్ళింటి యవ్వారం," అని భూపేష్ లేచాడు.

అతను పోయినాక ప్రసన్నకుమారి పండ్ల కవరును కాలితో బల్లకిందికి తోసింది. "వాళ్ళింటి యవ్వారమంట. వాళ్ళింట్లో జరిగిందా? మన కండ్లముందర జరిగింది. అంతమందిమి ఉండి కొయ్యల మాదిరి నిలబడితిమి. ఆదివారం చర్చిలో నేను ఏమని మోకరించాల సోమక్కా?"

సోమక్కకు మోగితే మోగనీ అన్న తన మాటే చెవిలో తిరుగుతోంది. ఆ పాప పిలుస్తావా అని అడిగింది. అడిగిన మాటను తాను విన్నది, అందులోని భయాన్ని వినలేదు.

స్టేషన్ నుంచి వచ్చిన కానిస్టేబులు గోడకానుకుని నిలబడి అడిగాడు. "గేటు పడిందంట గదా?"

"పడలేదు సార్. వేసినారు," అంది సోమక్క.

"ఎవరేసినారు?"

ఆమె పేరు చెప్పింది. అతను విన్నాడు. చేతిలో ఉన్న కాగితం మీద ఏమీ రాయకుండానే మడిచి జేబులో పెట్టుకుని, "బాగయినాంక స్టేషన్‌కు రా, మాట్లాడదాం," అని వెళ్ళిపోయాడు.

*

సుప్రజ ఫోను బుట్టలోనే ఉండిపోయింది. ప్రసన్నకుమారి దాన్ని సోమక్కకు తెచ్చిచ్చింది. శనివారం సోమక్క దాన్ని కొంగున ముడేసుకుని కృష్ణవేణమ్మ ఇంటికి నడిచింది. ఇయ్యడం ఒక్కటే పనైతే ఎవరితోనైనా పంపేది. ఆ పాపను ఒకసారి కళ్ళతో చూడాలనిపించింది.

వరండాలో కృష్ణవేణమ్మ చేటలో బియ్యం పోసుకుని రాళ్ళు ఏరుతోంది. సోమక్కను చూసి చేతులు ఆగాయి. నోరు తెరిచేలోపల నవీన్ కారు తాళాలు తిప్పుకుంటూ బయటికి వచ్చాడు.

"ఏం కావాల?"

"పాప ఫోనప్పా. బుట్టలో ఉండిపోయింది."

అతను ఫోను తీసుకుని, తెరను చొక్కాకు తుడిచి, వెలిగించి చూశాడు. "ఇది మోగుతాంటే నా పేరు కనపడిందా నీకు?"

"కనపడిందప్పా."

"కనపడీ పిలవలేదు."

చెంపదెబ్బ ఎప్పుడు పడిందో సోమక్కకు తెలియలేదు. తల పక్కకు తిరిగి వరండా స్తంభానికి కొట్టుకుంది. నోట్లో ఉప్పగా అయింది. అతను ఫోనును నేలకేసి కొట్టి, మడమతో రెండుసార్లు తొక్కి, మెట్లు దిగి కారెక్కాడు. కారు పోయిన చప్పుడు పూర్తిగా ఆగేదాకా ఇద్దరు ఆడవాళ్ళూ ఉన్నచోటనే ఉన్నారు.

కృష్ణవేణమ్మ లేచి చెంబుతో నీళ్ళు తెచ్చింది. సోమక్క పుక్కిలించి చెట్లలోకి ఉమ్మింది. నీళ్ళు ఎర్రగా పడ్డాయి.

"పాప యాడమ్మా?"

కృష్ణవేణమ్మ గడ్డంతో కిటికీ చూపించింది. కిటికీ లోపల మంచం, మంచం మీద గోడవైపు తిరిగి పడుకున్న మనిషి. అలికిడికి ముఖం ఇటు తిప్పింది. ఒక కన్ను మూసుకుపోయి ఉంది. గడ్డానికి కుట్లు. సోమక్కను గుర్తుపట్టి నవ్వబోయింది, పెదవి కదల్లేదు. గది తలుపుకు బయటినుంచి తాళం ఉంది.

"వాళ్ళమ్మోళ్ళ కాడికన్నా పంపీమ్మా."

"అమ్మ ల్యా. అన్న కడపలో ఉండాడు. ఫోన్ చేసి సర్దుకోమన్నాడు."

సోమక్కకు అప్పుడు కోపం వచ్చింది. దెబ్బ తిన్నప్పుడు రాని కోపం. "నువ్వు ఆడనే ఉంటివి గదమ్మా. నీ కొడుకు. పేరు పెట్టి పిలిచింటే ఆగుతాండెనేమో. చెప్పులు ఏరుకుంటివి నువ్వు."

కృష్ణవేణమ్మ చేటలో బియ్యాన్ని వేళ్ళతో చదును చేస్తూ కూర్చుంది. మాట వచ్చినప్పుడు అది సోమక్కతో అన్నట్టు లేదు.

"వాళ్ళ నాయన ఇంతకన్నా మోటోడు. నా ఈపు చూస్తే నువ్వు అన్నం తినలేవు. కానీ బేస్తవారం ఆయనే కారులో తెచ్చి గేటు కాడ దింపుతాండె. లోపలికి మాత్రం యానాడూ రాల్యా. గేటు బయట కూర్చోని పేపరు చదువుకుంటాండె. ఆ కాసేపు నన్నెవురూ కొట్టరని తెలుసు నాకు. ఆ కాసేపటి కోసం వారమంతా ఓర్చుకుంటాంటి." ఆమె ఒక రాయి ఏరి బయటికి విసిరింది. "కోడల్ని అందుకే పిల్చుకొస్తాంటి. ఇంట్లో నేను దానికేమీ చెయ్యలేను సోమక్కా, ఆ పూటన్నా ఇస్తామనుకుంటి. వాడు దాంట్లోకి కూడా వచ్చినాడు. వాడు నడిచొస్తాంటే నాకు వాళ్ళ నాయనే గోరీలోనుంచి లేచొచ్చినట్లు కనపడినాడు. కాళ్ళు పనిచెయ్యలా. చెప్పులు మాత్రం కనపడినాయి."

లోపల మంచం కిర్రుమంది. కృష్ణవేణమ్మ కిటికీ వైపు చూసింది.

"వచ్చే బేస్తవారం తోట ఉంటాదా?" అని అడిగింది.

"ఆడోళ్ళ పూట తీసేసినారమ్మా. అందరికీ తీస్తారంట."

ఆమె తలూపింది. ఆ తలూపడానికి అర్థం సోమక్కకు తెలియలేదు.

*

బేస్తవారం గేటు బార్లా తీసి ఉంది. పైన కొత్త ఫ్లెక్సీ. ఇకనుంచి గురువారం కూడా అందరికీ ప్రవేశం అని పెద్ద అక్షరాలు. నల్లచొక్కాలు వేసుకున్న ఇద్దరు మనుషులు గేటుకు అటూ ఇటూ నిలబడ్డారు. లోపల స్పీకర్లలో పాట నేలను అదరగొడుతోంది. మంటపం అవతల గొట్టాలనుంచి చిమ్ముతున్న నీళ్ళకింద కుర్రవాళ్ళు చొక్కాలు విప్పి ఎగురుతున్నారు.

ఊడ్చడానికి చేతకాకపోయినా సోమక్క వచ్చింది. చెయ్యి మెడకు కట్టుకుని మంటపం మెట్టుమీద కూర్చుంది. పక్కనే ప్రసన్నకుమారి గులాబీ అంట్లకు గుంతలు తీస్తోంది. మామూలుగా వచ్చే ఆడవాళ్ళు గేటు బయటిదాకా వచ్చి, లోపలికి చూసి, రోడ్డు పక్కన గుంపుగా నిలబడ్డారు. పోలేదు. రాలేదు.

వాళ్ళ పక్కన ఒక ఆటో ఆగింది. కృష్ణవేణమ్మ దిగి, సుప్రజకు చెయ్యి అందించి దింపింది. సుప్రజ పక్కటెముకలు పట్టుకుని చిన్నచిన్న అడుగులు వేస్తోంది. ముఖం మీద మచ్చలు పసుపూ నలుపూ కలిసిన రంగుకు తిరిగాయి. ముఖానికి ముసుగు లేదు. ఆమె నడుస్తుంటే గేటు మనుషులు చూపులు దించుకున్నారు. రోడ్డు మీది ఆడవాళ్ళు ఒకరివెనక ఒకరు ఆమె వెంబడి లోపలికి వచ్చారు.

కృష్ణవేణమ్మ కోడలిని మంటపంలో సోమక్క పక్కన కూర్చోబెట్టింది.

"తాళం పగలగొట్టినా," అంది. "దీన్ని యాడన్నా పెట్టాల. యాడ పెట్టాల్నో తెలీక ఈడికి తెచ్చినా."

"మా ఇంటికి రానీ," అంది ప్రసన్నకుమారి గుంత దగ్గరనుంచే. "చర్చి కాంపౌండులో వందమంది ఉంటాం. ఎవురు వస్తారో రానీ."

అప్పటికే తెల్లకారు వచ్చింది. నల్లచొక్కాలవాళ్ళు నవీన్‌ను ఆపలేదు. ఈసారి అతని చొక్కా నలిగి, జుట్టు చెదిరి ఉంది. తడిసిన కుర్రవాళ్ళ మధ్యనుంచి తోసుకుంటూ నేరుగా మంటపానికి వచ్చాడు. డ్రైవరు వెనక వస్తున్నాడు.

"ఏం మా, ఊరందరికీ చూపించేదానికి తెచ్చినావా?"

"నవీనా, వద్దు. ఈడ వద్దు," అని కృష్ణవేణమ్మ అడ్డం వచ్చింది.

అతను తల్లిని ఎడమచేత్తో పక్కకు తోశాడు. ఆమె మెట్లమీద బోర్లా పడింది. గాజులు పగిలి మణికట్టులో గుచ్చుకున్నాయి. సుప్రజ లేచి స్తంభం వెనక్కు పోబోతే గొంతు అతని చేతికి చిక్కింది. స్తంభానికి అదిమిపెట్టి నొక్కాడు. ఆమె మడమలు నేలనుంచి లేచాయి. గడ్డం కుట్లు తెగి నెత్తురు అతని వేళ్ళమీదుగా మోచేతికి కారింది. పాట మోగుతూనే ఉంది.

సోమక్క ఒంటిచేత్తో అతని నడుము పట్టుకుని గుంజింది. అతను మోచేత్తో ఆమె ముఖం మీద పొడిచాడు. డ్రైవరు సాయం చేయడానికి మెట్లు ఎక్కబోయాడు. అతనికి దారి దొరకలేదు. రోడ్డుమీదనుంచి వచ్చిన ఆడవాళ్ళు మెట్ల కింద భుజం భుజం ఆనించుకుని నిలబడి ఉన్నారు. కొట్టలేదు, తిట్టలేదు, జరగలేదు. అతను ఒకామె భుజం మీద చెయ్యి వేశాడు. ఆమె ఆ చేతివంక చూసి, అతని ముఖంవంక చూసింది. అతను చెయ్యి తీసేశాడు.

కృష్ణవేణమ్మ లేచింది. ప్రసన్నకుమారి గుంత పక్కన ఆనించిన పార ఆమె చేతికి వచ్చింది. పొలాలున్న ఇంటి మనిషి, పార ఎట్లా పట్టుకోవాలో చేతులకు తెలుసు. కర్ర కామను రెండుచేతులా బిగించి, ఎత్తి, పార వీపుతో కొడుకు ముంజేతి మీద కొట్టింది.

ఎముక విరిగిన చప్పుడు పాటలోనుంచి కూడా వినబడింది. గొంతు వదిలింది. సుప్రజ స్తంభం పొడుగునా జారి కూలబడి దగ్గసాగింది.

"అమ్మా," అన్నాడు నవీన్. నొప్పితో అన్నాడో నమ్మలేక అన్నాడో. వేలాడుతున్న చేతిని ఇంకో చేత్తో పట్టుకుని తల్లి ముఖంలోకి చూశాడు.

ఆమె రెండో దెబ్బ మోకాలి మీద కొట్టింది. అతను పడిపోయాడు. మూడోసారి పార ఎత్తినప్పుడు అది తిరిగి అంచువైపు వచ్చింది, అతని తలకు నేరుగా. కృష్ణవేణమ్మ కళ్ళల్లో ఎవరూ లేరు. ముక్కునుంచి నెత్తురు కారుతున్న సోమక్క ముందుకు పడి, ఎడమచేత్తో కామను పట్టుకుంది.

"తల కాదమ్మా," అంది. "తల కాదు. చాలు."

 తర్వాత కృష్ణవేణమ్మ చేతులు వదిలేశాయి. పార సోమక్క చేతిలో మిగిలింది.

*

భూపేష్ పరుగున వచ్చి పాట ఆపించాడు. ఎవరు ఫోన్ చేశారో, జీపులో ఎస్సై, ఇద్దరు కానిస్టేబుళ్ళు వచ్చారు. తడిసిన కుర్రవాళ్ళు చొక్కాలు తొడుక్కుని గోడవారగా జారుకుంటున్నారు. నవీన్‌ను డ్రైవరు, ఇంకొకరు కలిసి బల్లమీద కూర్చోబెట్టారు. చెయ్యి మోచేతి కింద కొత్తచోట వంగి ఉంది. ముఖం సున్నం కొట్టినట్టు తెల్లబోయింది.

"ఏం జరిగింది సార్?" అని ఎస్సై మర్యాదగా అడిగాడు. అతనికి ఆ ఇల్లు తెలుసు.

నవీన్ చుట్టూ చూశాడు. మెట్ల కింద ఆడవాళ్ళు, గేటు మనుషులు, భూపేష్, డ్రైవరు. అందరూ అతని నోటివంకే చూస్తున్నారు.

"జారి పడినా," అన్నాడు.

"ఎట్లా?"

"నీళ్ళు పోసినారు గదా. మెట్లమీద జారి పడినా. కేసేం ల్యా. ఆసుపత్రికి పోవాల."

ఎస్సై ఊపిరి వదిలాడు. భూపేష్ కూడా.

"అబద్ధం," అంది కృష్ణవేణమ్మ.

మంటపం మెట్టుమీద కూర్చుని, మణికట్టులోనుంచి గాజుముక్కలు ఒక్కొక్కటే తీసి పక్కన పెడుతోంది. తల ఎత్తలేదు. "నేను కొట్టినా. పారతో. రెండు దెబ్బలు. నా కోడలి గొంతు పిసుకుతాంటే కొట్టినా. రాయి."

"అమ్మా, మీరు ఊరకుండండి. సారే పడినా అంటాండాడు గదా," అన్నాడు ఎస్సై.

"వానికి సిగ్గు. అమ్మ కొట్టిందని చెప్పుకోలేడు. నాకేం సిగ్గు ల్యా. రాయి. పోయినవారం వాడు ఈ గేట్లో సోమక్క చెయ్యి విరగ్గొట్టినాడు, దీన్ని ఈడ్చినాడు, అది కూడా రాయి. నేను ఆడనే కూర్చోని చూస్తాంటి, అది కూడా."

"మా!" అన్నాడు నవీన్. "మా, ఇంటికి పోదాం పా."

ఆమె అప్పుడు తలెత్తి కొడుకును చూసింది.  డ్రైవరు అతణ్ణి లేపి కారుదాకా నడిపించాడు. అతను కుంటుతూ, వెనక్కు తిరిగి తిరిగి చూస్తూ పోయాడు.

ఎస్సై టోపీ తీసి, మళ్ళీ పెట్టుకున్నాడు. ఆడ కానిస్టేబులు లేకుండా ఏమీ చేయలేననీ, ఆమె వచ్చేదాకా ఇక్కడే ఉండమనీ చెప్పి, జీపు దగ్గరకు పోయి ఫోన్లు మొదలుపెట్టాడు. ఆడవాళ్ళు ఎవరూ ఇంటికి పోలేదు. మెట్లమీద, కాలువల అంచుల మీద కూర్చున్నారు. ఎవరో తడిగుడ్డ తెచ్చి సుప్రజ గొంతుకు చుట్టారు. గొంతు మీద నాలుగు వేళ్ళూ ఎర్రగా తేలి ఉన్నాయి.

"నేనూ స్టేషన్‌కు వస్తా," అంది సుప్రజ. మాట రాపిడిగా వచ్చింది. "నాది నేను చెప్పాల. అత్త చెప్తే అది అత్తది అవుతాది."

"మాట్లాడేదానికి ఐతాదా పాప?" అని అడిగింది ప్రసన్నకుమారి.

"ఐనంత చెప్తా."

సోమక్క ముక్కుకు కొంగు అదిమిపెట్టుకుని కృష్ణవేణమ్మ పక్కన కూర్చుంది. ఆమె మణికట్టులో ఇంకో గాజుముక్క లోతుగా దిగి ఉంది. సోమక్క కొంగు వదిలి, ఎడమచేతి గోళ్ళతో దాన్ని పట్టి మెల్లగా బయటికి లాగింది. కృష్ణవేణమ్మకు నొప్పి తెలిసినట్టు లేదు. గేటు అవతల కారు తిరిగిన దిక్కుకే చూస్తోంది.

"సోమక్కా."

"ఏమమ్మా?"

"నేను కొట్టింది యా చెయ్యి? కుడిదా, ఎడమదా? నాకు గుర్తు ల్యా."

సోమక్క గాజుముక్కను మెట్టుమీద పెట్టింది.

"కుడిదమ్మా."

"కుడిదే?" అని కృష్ణవేణమ్మ తన అరచేతులు రెండూ తెరిచి చూసుకుంది. "వాడు ఎడమచేత్తో అన్నం తినలేడు. చిన్నప్పుడు జ్వరమొచ్చినా తినలేడు. నేనే కలిపి పెడతాంటి."

అప్పుడు ఏడ్చింది. పెద్దగా కాదు. చీర చెంగు నోట్లో కుక్కుకుని, వీపు ఎగిసి పడేటట్టు, చాలాసేపు. సుప్రజ పక్కకు జరిగి ఆమె వీపుమీద చెయ్యి వెయ్యబోయి, వెయ్యకుండా, ఆ చేతిని ఆమె పక్కనే మెట్టుమీద ఆనించింది.

ఆడ కానిస్టేబులు స్కూటర్ మీద వచ్చింది. కృష్ణవేణమ్మ ముఖం తుడుచుకుని, చీర కుచ్చిళ్ళు సర్దుకుని లేచింది.

"యాడ కూర్చోవాల నేను?" అని అడిగి, జీపు వైపు నడిచింది.